అనుపానం: మాట, అర్థం, వాడుక

మందు పొట్లం చేతికి ఇచ్చిన వైద్యుణ్ణి వెనుకటి రోజులలో రోగి మూడు ప్రశ్నలు అడిగేవాడు. ఎన్ని పూటలు వేసుకోవలె? దేనితో పుచ్చుకోవలె? పథ్యం ఏమిటి? మొదటి ప్రశ్నకు జవాబు ఈనాడు మందుల చీటీ మీద అంకెల రూపంలో దొరుకుతున్నది. మూడవ ప్రశ్న "తినక ముందా, తిన్న తరువాతా?" అన్నంత మేరకు మిగిలి ఉన్నది. నడిమి ప్రశ్న మాత్రం చాలవరకు జారిపోయింది. దానికి జవాబుగా ఉండిన మాట కూడ వాడుకలోనుంచి మెల్లగా తప్పుకొంటున్నది. ఆ మాట 'అనుపానం'.

మాట మరుగున పడితే భాషాభిమానులు తప్ప తక్కినవారు విచారించనక్కరలేదని ఎవరైనా అనవచ్చు. కాని మాట పోయినా అది చెప్పే వస్తువు పోలేదు. మాత్ర నోట వేసుకొనే ప్రతి మనిషీ దాన్ని ఏదో ఒకదానితో మింగుతూనే ఉన్నాడు. ఆ 'ఏదో ఒకటి' మందుకు మేలు చేయవచ్చు, కీడు చేయవచ్చు, ఏమీ చేయకపోవచ్చు. కనుక ఈ మాటకు సరియైన అర్థమేమిటి, దాన్ని ఎట్లా వాడవలె అన్నది ఒక్క నిఘంటుకారుల సమస్య కాదు.

'అను' అనే ఉపసర్గకు వెంట, తరువాత అని అర్థాలు. 'పానం' అంటే తాగడం. వెంట తాగేది గనుక అనుపానం. చరక సంహిత సూత్రస్థానంలో అన్నపానాలను వివరించే 27వ అధ్యాయంలోను, సుశ్రుత సంహిత సూత్రస్థానంలోని 46వ అధ్యాయంలోను ఈ ప్రసక్తి ఉన్నది. అక్కడ మొదటగా చెప్పిన అర్థం మందుకు చెందినది కాదు, అన్నానికి చెందినది. భోజనం వెంట తీసుకోవలసిన ద్రవమే అక్కడి అనుపానం. తిన్న పదార్థపు గుణాలకు ఎదురైన గుణాలు కలిగి, శరీర ధాతువులకు మాత్రం విరోధం కానిదై ఉండవలెనని చరకుని నియమం.

తరువాతి కాలంలో ఈ మాట భోజనపు పీట మీదినుంచి మందుల పెట్టె దగ్గరకు చేరింది. శార్ఙ్గధర సంహిత దాని పనిని ఒక చక్కని ఉపమానంతో చెప్పింది. నీటిమీద వేసిన నూనె క్షణంలో ఎట్లా పరచుకొంటుందో, అనుపానం బలంవల్ల మందు శరీరంలో అట్లా వ్యాపిస్తుందని దాని సారాంశం. ఈ మార్పుతోపాటు అర్థం మరికొంత విశాలమైంది. తేనె, నెయ్యి తాగేవి కావు, నాకేవి. ఐనా అవీ అనుపానాలే అయినవి. తెలుగు ఇళ్ళలో తేనె, అల్లం రసం, తమలపాకు రసం, ఆవునెయ్యి, పాలు, మజ్జిగ, గోరువెచ్చని నీళ్ళు అనుపానాలుగా అందరూ ఎరిగినవే. మందు ఒకటే అయినా రోగాన్నిబట్టి అనుపానం మార్చడం వైద్యుని నేర్పులో భాగంగా ఉండేది.

ఇంగ్లీషులో ఈ మాటకు 'వెహికిల్' అనే పదాన్ని సమానార్థకంగా చూపడం పరిపాటి. దాన్ని మళ్ళీ తెనిగించి అనుపానమంటే 'వాహకం' అని వ్రాసేవారు ఉన్నారు. చిక్కు ఇక్కడే మొదలవుతున్నది. ఔషధశాస్త్రంలో వాహకమంటే మందును కరిగించడానికో, కలిపి ఉంచడానికో తయారీలోనే చేర్చిన పదార్థం. దగ్గుమందులోని పాకం వాహకం. అది సీసాలో ఉంటుంది. దాన్ని ఎంచేది తయారుచేసినవారు. అది తనంతట తాను ఏ పనీ చేయకుండా ఉండడమే దాని గొప్ప. అనుపానం సీసాలో ఉండదు, ఇంట్లో ఉంటుంది. మందు పుచ్చుకొనే క్షణంలోనే అది మందును కలుసుకొంటుంది. దాన్ని ఎంచేది వైద్యుని మాట విన్న రోగి, లేదా రోగి తల్లి. పైగా అది ఊరక ఉండక ఏదో పని చేస్తుందనే ఉద్దేశంతోనే ఇస్తారు.

ఈ భేదం ఎంత ముఖ్యమో 1937లో అమెరికాలో జరిగిన ఘోరం చెబుతుంది. అప్పటికి సల్ఫనిలమైడ్ అనే మందు కొన్ని సూక్ష్మజీవుల వ్యాధులలో మంచి గుణం చూపుతున్నది. మాత్ర మింగలేని పిల్లలకోసం దాన్ని ద్రవరూపంలో అమ్మదలచి, డైఇథిలీన్ గ్లైకాల్‌లో కరిగించి, పండ్ల రుచి కలిపారు. ఆ ద్రావణి విషమో కాదో ముందుగా పరీక్షించలేదు. వందమందికి పైగా, అందులో ఎందరో పసివారు, మూత్రపిండాలు చెడి మరణించారు. చంపినది మందు కాదు, దాని వాహకం. ఈ దుర్ఘటన ఫలితంగా, క్రొత్త మందు నిరపాయకరమని అమ్మకానికి ముందే చూపవలెననే చట్టం 1938లో ఆ దేశంలో వచ్చింది. ఇక్కడ రోగి చేయగలిగినది ఏమీ లేదు. పూచీ అంతా తయారీదారునిది, తనిఖీ చేసేవారిది. అనుపానం విషయంలో పూచీ చాలవరకు ఇంటివారిది. ఇద్దరి బాధ్యతలను ఒకే మాట క్రింద కలిపివేస్తే ఎవరి బాధ్యత ఏదో తెలియకుండా పోతుంది.

అనుపానాన్ని మరి రెండు మాటలతో కలపరాదు. చూర్ణాన్ని ఒక రసంతో తడిపి, నూరి, ఆరబెట్టడాన్ని 'భావన' అంటారు. అది మందు తయారీలో ఒక దశ. మందు వాడినన్నాళ్ళు తినదగినదాన్ని తెలిపేది 'పథ్యం'. భావన మందు పుట్టకముందు జరిగేది, పథ్యం దినమంతా సాగేది. అనుపానం ఆ గుక్కకు చెందినది.

ఆ ఒక్క గుక్కకు అంత శక్తి ఎక్కడిదని విద్యార్థులు అడగవచ్చు. మింగిన మాత్ర ముందుగా కరగవలె. కరిగినది చిన్నపేగు గోడ దాటవలె. దాటినది కాలేయంగుండా పోయి, అక్కడి ఎంజైముల చేతిలో మార్పు చెందగా మిగిలిన భాగం రక్తంలో తిరుగవలె. ఈ మూడు మజిలీలలో దేనిలోనైనా వెంట వెళ్ళిన పదార్థం కలుగజేసుకోవచ్చు. గ్రిసియోఫుల్విన్ అనే తామర మందు నీటిలో సరిగా కరగదు. కొవ్వు గల ఆహారంతో తీసుకొంటే హెచ్చుగా శరీరంలో చేరుతుంది. టెట్రాసైక్లిన్ సంగతి ఇందుకు విపర్యయం. పాలతో మింగితే, పాలలోని కాల్షియం అయాన్లను టెట్రాసైక్లిన్ అణువులు ఎండ్రకాయ డెక్కలతో పట్టినట్లు పట్టుకొంటాయి. అట్లా ఏర్పడిన పదార్థం పేగు గోడ దాటలేదు. రక్తంలో చేరే మందు సగానికి సగమో, అంతకంటె ఎక్కువగానో తగ్గిపోవచ్చు. పాలు బలమనే నమ్మకంతో ఇచ్చిన గ్లాసు ఇక్కడ మందుకే శత్రువవుతుంది.

కాఫీ సంగతీ ఇంతే. థైరాయిడ్ లోపానికి ఇచ్చే లెవోథైరాక్సిన్ మాత్రను పరగడుపున నీళ్ళతో వేసుకొని, అరగంట మొదలు గంట వరకు మరేమీ తీసుకోరాదు. ఉదయపు కాఫీతోనే మింగేస్తే మందు పేగులనుంచి రక్తంలో చేరడం తగ్గుతుంది. ఎముకలు గుల్లబారే జబ్బుకు ఇచ్చే అలెండ్రొనేట్‌కు నిండు గ్లాసు మంచినీళ్ళు తప్ప వేరు అనుపానం పనికిరాదు. ఆ తరువాత అరగంట పడుకోనూ కూడదు. లేకుంటే మాత్ర ఆహారనాళంలో నిలిచి పుండు చేయవచ్చు. దీనినిబట్టి మంచినీళ్ళు అనుపానం లేనప్పటి లోటు భర్తీ కావు, అవే ఒక ముఖ్యమైన అనుపానం అని తెలుస్తున్నది.

అనుకోకుండా బయటపడిన అనుపానం కథ ఒకటి ఉన్నది. కెనడాలో డేవిడ్ బెయిలీ అనే శాస్త్రజ్ఞుడు, ఆయన సహచరులు ఫెలోడిపిన్ అనే రక్తపోటు మందుకు, మద్యానికి గల సంబంధం పరీక్షిస్తున్నారు. మద్యం రుచి తెలియకుండా, పంపరపనసకు దగ్గర చుట్టమైన గ్రేప్‌ఫ్రూట్ రసంలో దాన్ని కలిపి ఇచ్చారు. రక్తంలో మందు అనుకొన్నదానికంటె ఎన్నో రెట్లు కనిపించింది. కారణం మద్యం కాదని, పండ్లరసమేనని విచారణలో తేలింది. 1989లో ఈ సంగతి ప్రకటితమైంది. పేగు గోడలో మందును విచ్ఛిన్నం చేసే ఎంజైమును ఆ రసంలోని పదార్థాలు పనిచేయకుండా ఆపుతాయని తరువాత తెలిసింది. రుచికోసం ఎన్నుకొన్న రసం మందు మోతాదునే మార్చివేసింది.

ఈ ఉదాహరణలు చూపి, మన పూర్వులకు ఎంజైములన్నీ తెలుసునని చాటేవారు కొందరు. అనుపానాలన్నీ అమ్మమ్మల నమ్మకాలని తోసివేసేవారు మరికొందరు. ఇద్దరూ పరీక్షకు ముందే తీర్పు చెబుతున్నారు. 1998లో బెంగుళూరులోని సెయింట్ జాన్స్ వైద్యకళాశాల పరిశోధకులు పసుపులోని కుర్కుమిన్‌ను, మిరియాలలోని పైపరిన్‌ను కలిపి పరీక్షించారు. కుర్కుమిన్ ఒక్కటే 2 గ్రాములు తీసుకొన్నప్పుడు రక్తంలో దాని జాడ చాల స్వల్పం. దానితో 20 మిల్లీగ్రాముల పైపరిన్ చేర్చినప్పుడు అది సుమారు ఇరవై రెట్లు పెరిగింది. ఇది ముచ్చటైన ఫలితమే. ఐతే రక్తంలో ఎక్కువ చేరడం వేరు, రోగం నయం కావడం వేరు. పైగా మందులను మార్చే ఎంజైములను అడ్డే పదార్థం తక్కిన మందులను కూడ రక్తంలో హెచ్చించవచ్చు. ఒక అనుపానం పరీక్షకు నిలిచినంతమాత్రాన అన్ని అనుపానాలూ నిలిచినట్లు కాదు.

తేనె ఇందుకు మంచి నిదర్శనం. పసిబిడ్డలకు మందు తేనెలో రంగరించి నాకించడం తరతరాల అలవాటు. ఏడాది నిండని బిడ్డకు తేనె పెట్టరాదని నేటి వైద్యశాస్త్రం స్పష్టంగా చెబుతున్నది. తేనెలో ఒక్కొక్కప్పుడు బొట్యులినమ్ సూక్ష్మజీవి బీజాలు ఉంటాయి. పెద్దల పేగులలో అవి సాధారణంగా మొలకెత్తలేవు. శిశువు పేగులలో మొలకెత్తి, కండరాలను చచ్చుబడజేసే విషాన్ని పుట్టించగలవు. ఈ శిశువ్యాధిని 1976లో గుర్తించారు. వాడుక ఎంత పాతదైనా ఇక్కడ దిద్దుకోక తప్పదు. మధుమేహం ఉన్నవారికి తేనె, బెల్లం అనుపానంగా చెప్పేటప్పుడు కూడ ఆలోచించవలె.

ఇక మాట వాడుకలోని మరి రెండు పోకడలు. పెసరట్టుకు అల్లప్పచ్చడి అనుపానమని సరదాగా అనేవారున్నారు. అన్నం వెంట తీసుకొనేదనే తొలి అర్థానికి అది మరీ దూరం కాదు గనుక తప్పు పట్టనక్కరలేదు. రెండవది 'ఆనుపానులు'. ఒక వ్యవహారపు ఆనుపానులు తెలిసినవాడంటే దాని లోతుపాతులు ఎరిగినవాడని అర్థం. మొదటి అక్షరంలో దీర్ఘం, చివర బహువచనం గల ఈ జాతీయాన్ని అనుపానంతో కలిపి, మందుకు ఆనుపానులు అని వ్రాయడం పొరపాటు. ధ్వనిలో పోలిక ఉన్నంతమాత్రాన చుట్టరికం కుదరదు.

కాగా, పాఠ్యగ్రంథాలు వ్రాసేవారు సీసాలోని ద్రావణికి 'వాహకం' అని, మింగేటప్పటి తోడుకు 'అనుపానం' అని వేరువేరుగా వాడితే రెండు భావాలూ స్పష్టపడతాయి. పాలు, కాఫీ, పండ్లరసం, మంచినీళ్ళు అన్నింటినీ కలుపుకొని ఒక్క మాటలో చెప్పగల పదం చేతిలో ఉండగా, 'మాత్రతోపాటు తీసుకొనే ద్రవపదార్థం' అని నాలుగు మాటల చుట్టుదారి పట్టనక్కరలేదు. ఐతే ఆ మాట ఆయుర్వేదానికి మాత్రమే చెందినదని గిరిగీయరాదు. టెట్రాసైక్లిన్‌కు మంచినీళ్ళు అనుపానమని, పాలు కావని ధైర్యంగా వ్రాయవచ్చు.

ఈ మాటను బ్రతికించడానికి తగిన చోటు ఉన్నత పాఠశాలే. 2018లో మొదలైన అనీమియా ముక్త్ భారత్ కార్యక్రమం క్రింద 10 నుంచి 19 ఏండ్ల వయస్సు పిల్లలకు వారానికి ఒక మాత్ర నిర్ణయించారు. అందులో 60 మిల్లీగ్రాముల ఇనుము, 500 మైక్రోగ్రాముల ఫోలిక్ ఆమ్లం ఉంటాయి. తేనీటిలోని టానిన్లు ఆ ఇనుమును పట్టి ఉంచి, రక్తంలోకి పోనివ్వవు. పాలలోని కాల్షియం కూడ అడ్డు తగులుతుంది. నిమ్మరసంలోని విటమిన్ సి దాన్ని కరిగే స్థితిలో ఉంచి లోనికి పంపుతుంది. వికారం కలుగకుండా భోజనం తరువాత, మంచినీళ్ళతోనో నిమ్మకాయ నీళ్ళతోనో మాత్ర వేసుకొని, టీకి కనీసం గంట ఎడం ఇవ్వడం మేలు. మాత్ర పంచే ఉపాధ్యాయుడు "దీనికి అనుపానం ఏమిటి?" అని తరగతిని అడిగితే చాలు. వెనుకటి రోగి అడిగిన నడిమి ప్రశ్న మళ్ళీ తన చోటికి వస్తుంది, పిల్లవాని చేతిలోని మాత్ర వ్యర్థం కాకుండా పోతుంది.