తాళంచెవి ఎవరి దగ్గర?

హాస్య ధారావాహికలో మొదటి భాగం చేసే పని ఒకటుంది. ఈ లోకంలో ఎవరెవరున్నారో, ఎవరితో కలిసి మనం నవ్వాలో అది తేల్చేస్తుంది. అక్కడ కనపడనివాళ్ళు ఇక లేనట్టే లెక్క. 2020 ఏప్రిల్‌లో అమెజాన్ ప్రైమ్‌లో వచ్చిన హిందీ సీరీస్ 'పంచాయత్' మొదటి భాగాన్ని ఈ కోణం నుంచి చూడాలి.

ఊరు ఉత్తరప్రదేశ్‌లో బలియా జిల్లా ఫులేరా. వేరే మంచి ఉద్యోగం దొరకని పట్నం కుర్రాడు అభిషేక్ నెలకు 20 వేల జీతానికి పంచాయతీ కార్యదర్శిగా ఆ ఊరొస్తాడు. వచ్చేసరికి ఆఫీసుకి తాళం. చెవి ప్రధాన్ గారి దగ్గరుంది, అది కాస్తా పోయింది. ఈ తాళం గొడవలోనే పాత్రలు ఒక్కొక్కటే మన ముందుకొస్తాయి. ఉపోద్ఘాతాల్లేవు. రచయిత చందన్ కుమార్, దర్శకుడు దీపక్ కుమార్ మిశ్రా పనితనాన్ని కాదనలేం. మనమూ నవ్వుతాం.

నవ్వడం అయ్యాక ఆ పాత్రల పూర్తి పేర్లు చదవండి. కార్యదర్శి త్రిపాఠీ. 'ప్రధాన్ జీ' దూబే. ఉపప్రధాన్ పాండే. ఆఫీసు సహాయకుడు శుక్లా. నలుగురూ బ్రాహ్మలే! ఇది ఊరా, అగ్రహారమా? కులం మాటెత్తకుండానే కులం కుర్చీలన్నీ నింపేసింది.

నిజానికి ఎన్నికైన ప్రధాన్ దూబే కాదు, అతని భార్య మంజూదేవి. మహిళా రిజర్వేషన్ కాబట్టి ఆమెను నిలబెట్టారు. ఊరంతా మొగుణ్ణే 'ప్రధాన్ జీ' అంటుంది. ఈ మోసాన్ని సీరీస్ ఎగతాళి చేస్తుంది, మొదటి సీజన్ చివర జనవరి 26న ఆమె చేత జెండా ఎగరేయిస్తుంది. మంచిదే. కానీ 1993లో అమలుకొచ్చిన 73వ రాజ్యాంగ సవరణ ఆడవాళ్ళకి మూడో వంతు ఇచ్చిన చోటే ఎస్సీ, ఎస్టీలకి జనాభా నిష్పత్తిలో సీట్లిచ్చింది. మొదటిది కథయింది. రెండోది ఏమయింది? 2011 జనాభా లెక్కల ప్రకారం ఉత్తరప్రదేశ్‌లో నూటికి ఇరవై మందికి పైగా దళితులే. ఈ ప్రధాన బృందంలో ఒక్కరూ లేరు.

"నవ్వుకోడానికి తీసింది, ఇందులోనూ కులమేనా?" అంటారు. కులం తెచ్చింది మనం కాదు, ఆ ఇంటిపేర్లు తెచ్చాయి. ఊరికి చివర వేరే టోలా ఉంటుందని ఉత్తరాదిలో తెలియందెవరికి? ఆ టోలా లేకుండా చూపిస్తేనే పల్లె అంత ముద్దుగా ఉంటుంది. పల్లె సంకుచితత్వానికి, అజ్ఞానానికి గుహ అని 1948 నవంబర్ 4న అంబేద్కర్ రాజ్యాంగ సభలో చెప్పింది ఈ ముద్దు గురించే.

ఈ సీరీస్ 2025లో 'సివరపల్లి'గా తెలుగులోకీ వచ్చింది. మన దగ్గర ఇంటిపేరు చూసి కులం అంత తేలిగ్గా తెలీదు. కాబట్టి తెలుగు ప్రేక్షకుడు ఇంకో ప్రశ్న వేసుకోవాలి: ఈ ఊరికి వాడ ఉందా? మొదటి భాగంలోనే వెతకండి. ఆఫీసు తాళంచెవి ఎప్పుడో ఒకప్పుడు దొరుకుతుంది. వాడ దొరకాలి.