కాలపు గనిలో తల్లులు

కొన్ని నెలల క్రితం పసిగుడ్డుగా అప్పగించిన కొడుకు, తల్లి మళ్ళీ ఆ కొండ చాయలకి వచ్చేసరికి తెల్లజుట్టు సన్యాసి అయిపోయాడు. "స్టార్‌ట్రెక్: డిస్కవరీ" సీరియల్ రెండో సీజన్లో, 2019 ఏప్రిల్లో వచ్చిన పన్నెండో భాగంలో ఉందీ సంగతి. బోరెత్ గ్రహం మీద ఒక మఠం. అక్కడ కాల స్ఫటికాలుంటాయి. వాటి ప్రభావం వల్ల అక్కడ కాలం మనకి నడిచినట్టు నడవదు. ఆ స్ఫటికం చేతిలో ఉంటే కాలంలో ముందుకీ వెనక్కీ వెళ్ళొచ్చు. పారా పలుగూ కనిపించవు గానీ ఇదీ ఒక గనే. తీసుకునేవాడు ధర చెల్లించి తీసుకోవాలి. ఆ ధర ఎవరి ఖాతాలో రాశారన్నదే నా పేచీ.

కథలో రాసింది కెప్టెన్ పైక్ ఖాతాలో. స్ఫటికాన్ని తాకగానే అతనికి తన భవిష్యత్తు కనిపిస్తుంది. ప్రమాదంలో శరీరమంతా కాలి, కుర్చీకి అతుక్కుపోయిన మనిషి. స్ఫటికం తీసుకుంటే ఆ రాత ఖాయం. అయినా తీసుకుంటాడు. ఆ దృశ్యం బాగా తీశారు, చూస్తున్నప్పుడు నాకూ గొంతు పట్టేసింది. 2022లో మొదలైన "స్ట్రేంజ్ న్యూ వరల్డ్స్" కథంతా ఆ బరువుని మోస్తూనే నడుస్తుంది. ఒక మగవాడి త్యాగానికి అంత చోటు దొరికింది.

స్ఫటికాన్ని అతనికి చూపించిన సన్యాసే ఆ కొడుకు, టెనావిక్. తల్లి లరెల్ క్లింగాన్ సామ్రాజ్యానికి ఏలిక. బిడ్డని ఎందుకు వదులుకుందో తెలియాలంటే అదే సీజన్ మూడో భాగానికి వెళ్ళాలి. ఆడది ఏలిక కావడం గిట్టనివాళ్ళు ఆమె బిడ్డనీ, బిడ్డ తండ్రినీ అడ్డం పెట్టుకుని గద్దె దింపబోతారు. ఆమె ఇద్దరి తలలనీ, నిజానికి బొమ్మ తలలనే, సభలో చూపించి, ఇకనుంచి తనని తల్లి అని పిలవమంటుంది. సామ్రాజ్యానికి తల్లి కావడానికి కన్నబిడ్డ చచ్చిపోయాడని చూపించుకోవలసి వచ్చింది! దేశాన్ని తల్లి అని పూజించే మనకి ఈ బేరం కొత్తదేమీ కాదు. అయితే ఆ తల్లీ కొడుకులు మళ్ళీ ఎదురుపడే దృశ్యం ఒక్కటీ లేదు. పైక్ కోల్పోబోయేది మనకి కళ్ళారా చూపించారు. ఆమె అప్పటికే కోల్పోయింది కథ ముందుకు సాగడానికి ఒక చిన్న ఆశ్చర్యంగా మిగిలింది.

ఇది ఒక్కసారి జరిగి ఉంటే పొరపాటనుకుందును. దీనికి ముందు వచ్చిన పదకొండో భాగంలో మరో తల్లి ఉంది, గాబ్రియెల్ బర్నమ్. కాల ప్రయాణం మీద పనిచేసే శాస్త్రవేత్త. ఇంట్లో ఉన్న కాల స్ఫటికం కోసం క్లింగాన్లు దాడి చేస్తారు. ఒక్క గంట వెనక్కి వెళ్ళి భర్తనీ కూతుర్నీ కాపాడుకోవాలని దూకుతుంది. తేలేది 950 ఏళ్ళ తర్వాతి కాలంలో. గతంలోకి ఎన్నిసార్లు వచ్చినా కాలం ఆమెని వెనక్కి గుంజుకుంటుంది. కూతురు మైకేల్ (అవును, పేరు మైకేల్, అమ్మాయే) ఇరవై ఏళ్ళు తల్లి చచ్చిపోయిందనే బతుకుతుంది. చివరికి కలిసినప్పుడు గాబ్రియెల్ కూతుర్ని వాటేసుకుని ఏడవదు, ముఖం తిప్పేసుకుంటుంది. చేతికి దక్కని బిడ్డని దూరం నుంచి ఎన్నిసార్లు చూసిందో, ఎన్నిసార్లు చావగా చూసిందో! ఆమెని మెత్తగా చెయ్యకుండా వదిలినందుకు రాసినవాళ్ళని మెచ్చుకోవాలి. ఈ భాగం ముందు అన్యాయం చేసి ఉంటే నేనింత కోపగించుకునేదాన్ని కాదేమో. తల్లి కోల్పోయిన కాలాన్ని లెక్కలోకి తీసుకోవడం వీళ్ళకి తెలుసు. తెలిసీ తర్వాతి భాగంలోనే లరెల్‌ని వదిలేశారు.

మన దగ్గర గోదావరి జిల్లాల నుంచీ, కడప నుంచీ ఇంటిపనికి కువైట్ వెళ్ళే తల్లులకి ఈ కాలం లెక్క ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేదు. చంకలో బిడ్డని అమ్మమ్మకి అప్పజెప్పి వెళ్తారు. కూతురు పెద్దమనిషైందని ఫోనులో వింటారు. తిరిగొచ్చేసరికి పిల్ల అమ్మమ్మ చాటున నిలబడి కొత్తమనిషిని చూసినట్టు చూస్తుంది. కట్టిన ఇల్లు కనిపిస్తుంది, తీరిన అప్పు కనిపిస్తుంది. లరెల్ ముఖం చూసినప్పుడల్లా నాకు వాళ్ళే గుర్తొచ్చారు.

ఈ బేరం స్టార్‌ట్రెక్‌కి మొదటినుంచీ ఉంది. 1966 అక్టోబరు 13న ప్రసారమైన "మడ్స్ విమెన్" చూడండి. ఓడ ఇంజనుకి లిథియం స్ఫటికాలు కావాలి. అవి రైజెల్ 12 మీద ముగ్గురు గనివాళ్ళ దగ్గరున్నాయి. స్ఫటికాలిస్తాం, మీ ఓడలో ఉన్న ముగ్గురాడవాళ్ళనీ ఇవ్వండంటారు. ఆ ఆడవాళ్ళ అందం ఒక మాత్ర మీద నిలబడింది. మాత్ర లేకపోతే వాడిపోయి బయటపడతారు. అంటే అక్కడా సరుకు కాలమే, ఆడదాని వయసు. మాత్ర బదులు ఉత్త జెలటిన్ మింగి కూడా ఈవ్ అందగత్తె అయిపోతుంది, ఆత్మవిశ్వాసం చాలట! నీళ్ళు కరువైన ఆ ఇంట్లో, గిన్నెలు బయట గాలికి వేలాడదియ్యి, ఇసుకే తోమేస్తుందని గనివాడికి చెప్పింది కూడా ఆ ఈవే. మాత్రకంటే నాకు ఆ తెలివే నచ్చింది. కథకి మాత్రం మాత్రే ముఖ్యం.

అయినా 1966 నుంచి 2019కి ఆడది సరుకు స్థానం నుంచి ఏలిక స్థానానికి వచ్చింది, అది చిన్న విషయం కాదు. ఏలిక ఆజ్ఞకి సామ్రాజ్యం కదులుతుంది, మఠం తలుపు తెరుచుకోలేదు.

చూడదలుచుకున్నవాళ్ళు రెండో సీజన్ 3, 11, 12 భాగాలు వరసగా చూడండి. నేను పన్నెండు ముందు చూశాను. మూడులో లరెల్ పొత్తిళ్ళలో బిడ్డని చూసేసరికి వాడి తెల్లజుట్టు నాకు ముందే తెలుసు.