మార్తా గ్రాహం ‘నైట్ జర్నీ’ – జొకాస్టా పాత్ర

సోఫోక్లీసు ‘ఈడిపస్ రాజు’ వాక్ప్రధానమైన విషాదాంత నాటకము. తండ్రిని వధించి తల్లిని వివాహమాడినవాడు తానేయను సత్యము రాజునకు ప్రశ్నోత్తరముల వలననే తెలియును. రాణియగు జొకాస్టా యతనికంటె ముందుగా దానిని గ్రహించి లోనికేగును. ఆమె మరణము ప్రేక్షకులకు గానరాదు. దూత వచ్చి నివేదించును. నాయకవధమును రంగమున జూపరాదను మన లాక్షణికుల మతము నెరిగినవారికి ఈ మరుగు వింతగా దోపదు.

అమెరికా నర్తకి మార్తా గ్రాహం 1947లో రచించిన ‘నైట్ జర్నీ’ యను నృత్యరూపకము ఆ మరుగుననే ఆరంభమగుచున్నది. జొకాస్టా త్రాటిని చేబూని మరణోన్ముఖియై నిలిచియుండును. గతమంతయు నా క్షణమున స్మృతిరూపమున గోచరించును. విలియం షూమన్ సంగీతమును, ఇసాము నొగుచి రంగోపకరణములను గూర్చిరి. 1961లో అలెగ్జాండర్ హామిడ్ దర్శకత్వమున ఇది సుమారు అరగంట నిడివిగల నలుపు తెలుపు చలనచిత్రమయ్యెను. జొకాస్టా పాత్రమును గ్రాహమే ధరించెను.

మాట తొలగిన పిమ్మట విషాదము నిలుచునా యనునదే ప్రధానప్రశ్నము. మన పదాభినయమునకు గేయము ఆధారము. ఇచట నదియు లేదు. ఆ లోటును త్రాడు కొంత తీర్చుచున్నది. తల్లిని బిడ్డను గలిపిన పేగును, దంపతులను జుట్టుకొనిన బంధమును, తుదకు ఉరియు నదియే. నాటకమున క్రమక్రమముగా బయల్పడు సంబంధములు ఒక్క వస్తువున నేకకాలమున భాసించుట నృత్యమునకే సాధ్యము. నాటకమునందలి తీబ్సు వృద్ధుల బృందమునకు మారుగా స్త్రీలబృందము వచ్చినది. వృద్ధులు సంగతి తెలియక తర్కింతురు. స్త్రీలు ముందే తెలిసినట్లు వడకుదురు. రంగమున దూరమగు ముఖమును చలనచిత్రము దరికి దెచ్చుటచే, దూతవాక్యమునకు మాత్రమే విషయమైన స్త్రీ ప్రత్యక్షనాయిక యైనది.

అయినను నష్టము స్వల్పము గాదు. తనకే కీడు మూడునని తోచినను సత్యాన్వేషణమును మానని ఈడిపస్ ధీరత్వము ఇందు లోపించినది. అతడు గర్వించిన యువకుడుగ మాత్రమే మిగిలెను. మహామారిచే గుందు నగరమును మరుగుపడెను. రాజ్యవిషాదము ఒక స్త్రీ శోకముగ సంకుచితమయ్యెను. కథ యెరుగనివానికి సంబంధముల పౌర్వాపర్యము సులభముగ నవగతము గాదు.

కావున నిది మూలమునకు అనువాదము గాదు, ప్రతినిధియు గాదు. మూలకవి మౌనము వహించిన యొక్క ఘట్టమునకు వ్యాఖ్య. మూలమును ముందు జదివి పిదప జూచినవారికే దీని సార్థక్యము తెలియును. అట్టివారు మరల నాటకమును దెరచినపుడు, జొకాస్టా నిష్క్రమించు పుటను మునుపటివలె త్వరితముగ దాటజాలరు.