చిత్తడి నేలల మాట

కోనసీమలో, అమలాపురంలోనో రాజోలులోనో తెలిసినవాళ్ళు ఎదురైతే ‘బాగున్నారాండీ’ అని అడిగి చూడండి. ‘బాగున్నాం’ అన్న జవాబు సూటిగా రాదు. ‘ఆయ్, ఏదో ఉన్నామండి’ అంటారు. పంట చేతికొచ్చిన ఏడాదైనా, అబ్బాయికి ఉద్యోగం వచ్చిన వారమైనా అదే మాట. దీన్ని ‘గోదారోళ్ళ ఎటకారం’ అని సినిమాలు నవ్వుకి వాడుకున్నాయి. వాడుకుని, అందులోని బరువును వదిలేశాయి. ఆ బరువు నాకు సరిగ్గా తూకానికి అందింది, ఆశ్చర్యంగా, ఒక ఇంగ్లీషు పిల్లల నవలను దాని పక్కన పెట్టి చదివినప్పుడు.

సి. ఎస్. లూయిస్ 1953లో ప్రచురించిన ‘ది సిల్వర్ చైర్’లో పడిల్‌గ్లమ్ అనే పాత్ర ఉంది. మనిషి కాదు, చిత్తడి నేలల్లో బతికే ఒక జీవి. బాతుకాళ్ళు, పొడుగాటి చేతులు, నీళ్ళ మధ్య గుడిసె. అతను కాల్చే పొగాకు పొగ కూడా పైకి లేవదు, నేల మీదే పాకుతుంది. జిల్, యూస్టేస్ అనే ఇద్దరు పిల్లలకు దారి చూపడానికి వస్తాడు. వాన తప్పదంటాడు, దారి తప్పుతామంటాడు, తిండి దొరకదంటాడు. అయినా అతని జాతివాళ్ళ దృష్టిలో అతను మరీ హుషారైనవాడు! లూయిస్ ఇంటి తోటమాలి ఫ్రెడ్ పాక్స్‌ఫర్డ్ ఈ పాత్రకు మూలం. నోట్లో నిరాశ, గుండెలో నిబ్బరం ఉన్న మనిషని పేరు.

మొదట్లోనే ఒక చిన్న ఘట్టం. ఈల్ చేపలు పడతాయన్న నమ్మకం లేదంటూనే గాలం వేసి డజను దాకా పడతాడు. కూర మీకు నచ్చదులెమ్మంటూనే వండుతాడు. పిల్లలు ఆవురావురుమని తింటారు. ఇది చదువుతుంటే నాకు కోనసీమ భోజనాల సావిడి కళ్ళకు కట్టింది. ‘ఏముందండి మా ఇంట్లో, ఏదో పచ్చడి మెతుకులు’ అంటూ విస్తరి వేస్తారు. ఆ విస్తట్లోకి పనసపొట్టు కూర వస్తుంది, గడ్డ పెరుగు వస్తుంది, చివర్న ఆత్రేయపురం పూతరేకు వస్తుంది. రెండు చోట్లా మాట ఒక దిక్కు, చెయ్యి ఇంకో దిక్కు. మాట తగ్గి ఉంటుంది, చెయ్యి తగ్గదు. ఈ విలోమంలోనే నాకు ఓదార్పు కనిపిస్తుంది. ముందే చెడ్డను ఊహించి పైకి అనేసినవాడికి ఇక భయపడే పని మిగలదు, చేసే పనే మిగులుతుంది.

అయితే ఈ రెండు దిగుళ్ళూ ఒక్కచోట పుట్టినవి కావు. పడిల్‌గ్లమ్‌ది స్వభావం. కోనసీమది అనుభవం. 1986 ఆగస్టులో గోదావరి గట్లు తెంచుకుంది. 1995 జనవరి 8న పాశర్లపూడి గ్యాస్ బావి అంటుకుని రెండు నెలలకు పైగా మండింది. మరుసటేడు, 1996 నవంబరు 6 రాత్రి, తుపాను కాకినాడకు దక్షిణంగా తీరం దాటి వెయ్యిమందికి పైగా ప్రాణాలు తీసింది, కొబ్బరితోటల్ని నేల కూల్చింది. నీళ్ళు, నిప్పు, గాలి: పదేళ్ళలో మూడూ. ఏటా వరద రోజుల్లో ధవళేశ్వరం దగ్గర నీటిమట్టం 11.75 అడుగులు దాటిందా, 13.75 దాటిందా, 17.75 దాటిందా అని హెచ్చరికల లెక్క చూసుకునే లంక గ్రామాల్లో ‘బాగున్నాం’ అనడం దిష్టి పెట్టుకోవడంలా అనిపిస్తుంది. ‘ఏదో ఉన్నామండి’లో ‘ఉన్నాం’ అన్నదే అసలు వార్త. పైగా అది బహువచనం. పడిల్‌గ్లమ్ తన దిగులు తనే మోస్తాడు. ఇక్కడ ఆ దిగులుకి చివర ‘అండి’ ఉంది. ఎదుటివాణ్ణి గౌరవించి, అతనికి కూడా కాస్త పంచే మాట అది.

నవలలో పడిల్‌గ్లమ్‌కు ఒక గొప్ప క్షణం ఉంది. పాతాళంలో మంత్రగత్తె పొగవేసి, వాద్యం మీటి, సూర్యుడూ లేడు, మీ దేశమూ లేదు, అంతా మీ కల అని నమ్మిస్తుంటే, అందరూ మత్తులో జోగుతుంటే, అతను ఉత్త పాదాలతో ఆ నిప్పును తొక్కుతాడు. నొప్పి అతని తలను తేట చేస్తుంది. అప్పుడంటాడు: మీరన్నది నిజమే కావచ్చు, కానీ మా కల మీ నిజం కంటే మేలైనది, నేను దాని పక్షానే ఉంటాను అని. అంతసేపూ చెడ్డనే చెప్పిన నోటి నుంచి వచ్చింది కనుకే ఆ మాటను నమ్ముతాం. మొదటినుంచీ ధైర్యం చెబుతూ వచ్చిన పాత్ర అని ఉంటే అది ఉపన్యాసమయ్యేది.

కోనసీమ మాటలో అలాంటి ప్రకటన లేదు. ఇది లోపమా? నేను లోపమనుకోను. ఇక్కడి మనిషి తన విశ్వాసాన్ని నోటితో చెప్పడు, చేతితో చెబుతాడు. 2011 ఖరీఫ్‌లో మాత్రం కోనసీమ రైతులు ఆ అలవాటు తప్పారు. గిట్టుబాటు కానప్పుడు నాట్లెందుకని పంట విరామం ప్రకటించి చేలు బీడు పెట్టారు. ప్రభుత్వం మోహన్ కందా కమిటీని వేయాల్సివచ్చింది. ‘ఏదో ఉన్నాం’ అనే మనిషి ‘ఇక ఇలా ఉండం’ అన్నాడు. ఆ ఏడాదిని పక్కన పెట్టి కోనసీమ ఓర్పును పొగడటం నాకిష్టం లేదు.

ఇంకో ఇబ్బంది కూడా ఉంది. ఈ వంకర మాట ఎవరికి అందుబాటులో ఉంది? 1996 తుపాను రాత్రి సముద్రపుటొడ్డు మత్స్యకార పల్లెల్లో మనుషులు పోయారు. తోట పోయినవాడు ఎటకారంగా మాట్లాడగలడు, బిడ్డ పోయినవాడు మాట్లాడలేడు. మామిడికుదురులో 1911లో పుట్టిన బోయి భీమన్న తన కవితాసంపుటికి ‘గుడిసెలు కాలిపోతున్నాయ్’ అని పేరు పెట్టారు. 1975లో దానికి కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. అదే నేల, అదే గోదావరి గాలి, కానీ ఆ పేరులో వంకర లేదు, తగ్గింపు లేదు. కాలుతున్నదాన్ని కాలుతున్నదనే చెప్పారు. పడిల్‌గ్లమ్ నిప్పును తొక్కిన క్షణానికి మన పక్షాన దగ్గరగా వచ్చేది, నా లెక్కన, ఊరి ఎటకారం కంటే ఈ సూటిమాటే.

అయినా నా మనసు మళ్ళీ మళ్ళీ ఆ ఎటకారం దగ్గరికే పోతుంది. కొబ్బరిచెట్టును పెద్దకొడుకుతో సమానమనే ఊళ్ళు ఇవి. తుపానులో ఆ కొడుకులు వరసగా పడిపోయాక మళ్ళీ మొక్కలు పెట్టారు. దేశవాళీ చెట్టు కాపుకు రావడానికి ఆరేడేళ్ళు. ఏడు పదులు దాటిన రైతు మొక్క పెట్టిస్తూ ‘ఈ బొండాం నేను తాగుతానా ఏంటండీ’ అంటాడు. అంటూనే వంగి, గోతిలోకి కర్ర దించి, మూడడుగులు తీశారో లేదో చూస్తాడు. తక్కువైతే మళ్ళీ తవ్విస్తాడు.