ఓహారు బుస

మిజోగుచి తీసిన ‘ది లైఫ్ ఆఫ్ ఓహారు’ (1952)లో ఒకచోట నేను ప్రతిసారీ ఆగిపోతాను. వయసు మళ్ళిన వేశ్య ఓహారు మొహాన్ని యాత్రికులకి చూపించి, ఇలాంటిదాని కోసమా మీ వెంపర్లాట అని నీతి చెబుతాడో పెద్దాయన. వెళ్ళబోతూ ఆమె పిల్లిలా వాళ్ళమీదికి బుస్సుమంటుంది.

కినుయో తనాకా అనగానే ‘కష్టాలు పడే ఆడది’ అనేస్తాం. ‘ఉగెత్సు’, ‘సాన్షో ది బెయిలిఫ్’ చూసి అలా అనుకోవడంలో తప్పు లేదు. నాకు మాత్రం ఆ బుసలోనే అసలు తనాకా దొరికింది.

1924లో, పద్నాలుగేళ్ళకే మూకీల్లోకి వచ్చింది. 1953 నుంచి తనే ఆరు సినిమాలు తీసింది. ఆమె డైరెక్టర్ కావడం మిజోగుచికే ఇష్టం లేదు! ఆ ఆరింట్లో ‘ఫరెవర్ ఎ వుమన్’ (1955) ఒకటి. రొమ్ము కాన్సర్ ఆపరేషనైన కవయిత్రి, స్నానం చేస్తుండగా స్నేహితురాలు చూస్తే ఒళ్ళు దాచుకోదు. ఓహారుని ఎవరో చూపించారు. ఈమె తనంతట తనే కనబడింది.

‘సాండకన్ నంబర్ 8’ (1974)లో ముసలి ఒసాకిగా తనాకాకి బెర్లిన్‌లో ఉత్తమ నటి అవార్డొచ్చింది. ఒకప్పుడు బోర్నియోలో వేశ్యావాటికకి అమ్ముడుపోయిన మనిషి ఒసాకి. ఆ కథ ఎవరో చెప్పరు, తనే చెబుతుంది. అక్కడికి చేరడానికి తనాకాకి యాభై ఏళ్ళు పట్టింది.