తెర వెనుక బందరు

తెలుగు సినిమాకు డబ్బు, మార్కెట్టు అందించింది బెజవాడ గాంధీనగరమని గొప్పగా చెప్పుకుంటాం. ఆ సినిమాకు కనువిందైన లోకాన్ని కట్టిచ్చింది మాత్రం బందరు, దాని చుట్టుపక్కల డెల్టా ఊళ్లు. ఈ మాట ఏ సభలో నిలబడైనా చెబుతాను.

1910లో వెలసిన బందరు ఆంధ్ర జాతీయ కళాశాలలో ప్రమోద్ కుమార్ ఛటర్జీ శిష్యుడిగా కుంచె పట్టిన అడివి బాపిరాజు, 1930లలోనే సినిమాలకు కళాదర్శకత్వం వహించారు. తర్వాత గుంటూరు వైపు నుంచి మాధవపెద్ది గోఖలే వచ్చారు. మంచి కథలు రాసిన చెయ్యి అది. కళాధర్‌తో కలిసి ఆయన 1957లో ‘మాయాబజార్’కు కట్టిన ద్వారకను చూడండి! అరవై అడుగులు దాటని చోటులో మూడొందల బుల్లి మేడలు నిలిపారంటారు. ఏ రెండు మేడలూ ఒకేలా ఉండవు. కిటికీల్లో దీపాలు వెలుగుతాయి. మినియేచర్ పనిలో కష్టమంతా కొలతలోనే ఉంది. కెమెరాకు దగ్గరి మేడ ఎంత ఎత్తు, వెనకది ఎంత తగ్గాలి, నీడ ఎటు పడాలి అన్నది పిసరంత తప్పినా నగరం బొమ్మరిల్లయి కూర్చుంటుంది. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్‌ట్లీ వెలుగు దానిమీద పడ్డాక, ఇన్నేళ్లయినా అది బొమ్మ నగరమని మన కన్ను ఒప్పుకోవడం లేదు. దర్శకుడు కె.వి.రెడ్డిని పొగిడే నోరు గోఖలే, కళాధర్‌ల పేర్లు తలవకపోవడం అన్యాయం.

ఇక తోట తరణి. బందరులో పుట్టారు. తండ్రి తోట వెంకటేశ్వరరావు కూడా కళాదర్శకుడే. మణిరత్నం ‘నాయకుడు’ (1987) కోసం మద్రాసు వీనస్ స్టూడియోలో బొంబాయి ధారవిని కట్టి తరణి జాతీయ పురస్కారం గెలిచారు. రాజమహలు కట్టడం కన్నా మురికివాడ కట్టడం కష్టం. ప్లైవుడ్డు, రేకు, గోనెపట్టా అన్నీ కొత్తగానే వస్తాయి. వాటికి వయసు తేవాలి. చూరు నీళ్లు కారిన చార, పొయ్యి పొగ పట్టిన మూల, మనుషుల భుజాలు రాసుకుని నునుపెక్కిన గోడ అంచు, మేకు చుట్టూ తుప్పు మరక ఒక్కొక్కటీ రంగుతో పుట్టించాలి. చేయి ఒక్క పూత ఎక్కువేసినా దొరికిపోతుంది. ‘భారతీయుడు’కు (1996) రెండోసారి జాతీయ పురస్కారం, 2001లో పద్మశ్రీ వచ్చాయి. గుణశేఖర్ ‘అర్జున్’ (2004) కోసం మధుర మీనాక్షి గుడినే హైదరాబాదు దగ్గర నిలబెట్టారు. శిల్పం చెక్కి, అచ్చు తీసి, పోత పోసి, అతుకు కనపడకుండా రాతి రంగు పులమడం ఒక్కరి పని కాదు. ఆ మౌల్డింగ్ మేస్త్రీలకు, వడ్రంగులకు, పెయింటర్లకు కూడా చేతులెత్తి మొక్కాలి.

ఇప్పుడేం చూస్తున్నాం? ఏ కాలపు రాజైనా అవే ఫైబర్ స్తంభాలు, అదే బంగారు రంగు, అవే సింహం తలలు! శాతవాహనుడికీ కాకతీయుడికీ తేడా తెలియని కోటలు కడుతున్నారు. అమరావతి శిల్పం మన పొరుగునే ఉంది, వెళ్లి ఒక్క స్తంభం గీసుకొచ్చే ఓపిక లేదు. మిగతాదంతా ఆకుపచ్చ గుడ్డ ముందు నటించి కంప్యూటర్‌కు అప్పగించడమే. కంప్యూటర్‌ను తప్పుపట్టను. అరువు బొమ్మలు అతికించి ఊరుకునే బద్ధకాన్ని తిడుతున్నాను. గోడ చేతికి తగలనప్పుడు నటుడి కన్ను ఎక్కడ నిలవాలి?

షూటింగ్ అయిపోగానే సెట్టు పడగొట్టడం మామూలే. మిగిలేది కళాదర్శకుడి స్కెచ్చులు, నమూనాలే. బందరు కుర్రవాళ్లు గోఖలే గీత చూడాలంటే ఎక్కడికి పోవాలి? కళాదర్శకుల కుటుంబాలకు నా మనవి: అటకమీది ఆ కాగితాలను చెదలకు వదలకండి. ప్రభుత్వానికి, సినీ పెద్దలకు నా విన్నపం: బెజవాడలోనో బందరులోనో ఒక్క గది ఇవ్వండి, వాటిని గోడకు తగిలించండి, బొమ్మలు నేర్చే పిల్లలకు తలుపు తీసి పెట్టండి.