హీలియం కథలో గుంటూరు

తెలుగులో ప్రజల కోసం విజ్ఞానశాస్త్రం రాసేవారు ఎప్పుడూ తక్కువే. అందుచేత రాసిన కొద్దిమందినీ మెచ్చుకుని ఊరుకోవడం మనకు అలవాటయింది. కథకూ కవితకూ పెట్టే గీటురాయి ఈ రచనలకు పెట్టం. విమర్శ లేనిచోట పొరపాట్లు పాతుకుపోతాయి. మూలకాల ఆవిష్కరణ గురించి వచ్చే వ్యాసాల్లో నేను పదేపదే చదివిన ఒక మాటను ఉదాహరణగా తీసుకుంటాను: హీలియంను 1868లో గుంటూరులో కనుగొన్నారన్న మాట. ఇది పూర్తిగా అబద్ధం కాదు. కాని నిజం కూడా కాదు.

1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణపు నీడ మన ప్రాంతం మీదుగా సాగిపోయింది. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు జాన్సెన్ గుంటూరులో వర్ణపటదర్శినితో సిద్ధంగా ఉన్నాడు. సూర్యబింబం అంచున లేచే ఎర్రని జ్వాలల వెలుగును విడదీసి చూస్తే ప్రకాశవంతమైన గీతలు కనిపించాయి. అంటే ఆ జ్వాలలు మండుతున్న వాయువు, అందులో ముఖ్యంగా హైడ్రోజన్. ఆ గీతలు ఎంత కాంతివంతంగా ఉన్నాయంటే, గ్రహణం లేకుండానే వాటిని చూడవచ్చునని ఆయనకు తోచింది. మర్నాడు చూశాడు కూడా. జాన్సెన్ సాధించిన ఘనత ఇదీ. కొత్త మూలకం దొరికిందని ఆయన ఆనాడు ప్రకటించలేదు. అక్టోబరు 20న ఇంగ్లండులో లాకయర్ స్వతంత్రంగా అదే పద్ధతిని సాధించాడు. ఇద్దరి సమాచారమూ పారిస్ అకాడమీకి ఒకేరోజున చేరింది. తర్వాత ఇద్దరి పేరా పతకం వేయించింది కూడా ఆ పద్ధతికే, హీలియంకు కాదు.

మరి హీలియం ఎక్కడ? అదే గ్రహణాన్ని మచిలీపట్నంలో చూసిన మద్రాసు నక్షత్రశాల అధిపతి పాగ్సన్ ఒక పసుపుపచ్చ గీతను గుర్తించి, అది సోడియం గీత ఉండేచోటనో, దానికి దగ్గరలోనో ఉందని తన నివేదికలో రాశాడు. అసలు కథంతా ఈ 'దగ్గరలో' అన్న మాటలో ఉంది. సోడియం గీతలు రెండు: 5890, 5896 ఆంగ్‌స్ట్రాముల దగ్గర. కొత్త గీత 5876 దగ్గర. లాకయర్ జాగ్రత్తగా కొలిచి, ఇది సోడియం కాదని తేల్చాడు. ఫ్రాంక్‌లండ్‌తో కలిసి హైడ్రోజన్ మీద ప్రయోగాలు చేశాడు. ఆ గీత రాలేదు. అప్పుడు సూర్యుడి గ్రీకు పేరు మీద హీలియం అన్న పేరు పుట్టింది. అది లోహమనుకుని లోహాలకు పెట్టే తోకే దానికీ తగిలించారు. ఆ పొరపాటు నేటికీ పేరులో మిగిలే ఉంది.

చేతికి దొరకని పదార్థాన్ని ఒక్క గీత చూసి మూలకమని ఒప్పుకోవడానికి చాలామంది రసాయన శాస్త్రజ్ఞులు సిద్ధపడలేదు. వారి సంశయాన్ని మూర్ఖత్వం అనకూడదు. సాక్ష్యం అడగడం శాస్త్రధర్మం. ఈలోగా అమెరికాలో హిల్లెబ్రాండ్ యురేనియం ఖనిజం నుంచి ఒక వాయువును రాబట్టి, అది నైట్రోజన్ అనుకున్నాడు. 1895 మార్చిలో రామ్సే ఆర్గాన్ కోసం వెతుకుతూ క్లీవైట్ అనే యురేనియం ఖనిజాన్ని ఆమ్లంలో వేసి చూసినప్పుడు ఆ పసుపు గీత భూమి మీద కనిపించింది. క్రూక్స్ కొలిచి ధ్రువపరిచాడు. అదే ఏడాది ఉప్సాలాలో క్లీవ్, లాంగ్లె ఆ వాయువు పరమాణుభారాన్ని నిర్ణయించారు. గీత కనిపించిన నాటి నుంచి పదార్థం చేతికందేవరకు 27 సంవత్సరాలు పట్టింది.

మన వ్యాసకర్తలు ఈ 27 ఏళ్లనూ కత్తిరించి ఒక తేదీ, ఒక ఊరు, ఒక పేరు మిగిల్చారు. 2018లో ఆ గ్రహణానికి 150 ఏళ్లు నిండినప్పుడూ నేను చూసినవాటిలో ఈ పాటే ఎక్కువ వినిపించింది. పోయినదేమిటి? కొలత, సంశయం, పరస్పర విమర్శ, అంటే శాస్త్రానికి ప్రాణమైన పద్ధతి. మిగిలినది పోటీపరీక్షకు పనికివచ్చే ఒక జవాబు. సామాన్య పాఠకుడికి ఇంత వివరం ఎక్కదని కొందరంటారు. నేను ఒప్పుకోను. పొలం గట్టు జానెడు జరిగితే ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిరిగే రైతుకు, గీత కాస్త జరిగితే ఎంత తేడా వస్తుందో చెప్పడం కష్టమా? కష్టం అతనికి కాదు, అంత ఓపిక లేని రచయితకు.

ఇక ఊరి గర్వం సంగతి. నీడ మన మీదుగా పోవడం మన ప్రతిభ కాదు. పరికరాలు, వాటి వెనక ఉన్న డబ్బు, అధికారం ఎవరి చేతుల్లో ఉన్నాయో చెప్పకుండా ఆ రోజును మన ఘనతగా రాయడం వలసపాలన చరిత్రను మరుగుపరచడమే. నిజంగా తలచుకోవలసిన మనిషి ఆ రోజునే మరోచోట ఉన్నాడు. మద్రాసు నక్షత్రశాల రెండో బృందాన్ని నిజాం రాజ్యంలోని వనపర్తికి తీసుకువెళ్లినవాడు చింతామణి రఘునాథాచారి. అక్కడ మబ్బులు పరిశీలనను పాడుచేశాయి. కాని ఆయన 1867లోనే ఒక చర నక్షత్రాన్ని కనుగొన్నవాడు. 1872లో రాయల్ ఆస్ట్రనామికల్ సొసైటీ సభ్యుడయ్యాడు. 1874 నాటి శుక్ర సంక్రమణాన్ని వివరిస్తూ సంభాషణ రూపంలో ఒక చిన్న పుస్తకం రాసి, ఇంగ్లీషులోనే కాక దేశభాషల్లోనూ తెచ్చాడు. ప్రజల కోసం శాస్త్రం రాసే మనకు పూర్వీకుడు కావలసివస్తే ఆయన ఉన్నాడు. హీలియం వ్యాసాల్లో ఆయన పేరు నాకు అరుదుగా కనిపించింది.

ఇది చిన్న విషయం కాదు. మా ఊళ్లో కనుగొన్నారు అని పొంగిపోయే మనస్సుకూ, మా పెద్దలకు అన్నీ ముందే తెలుసు అని చెప్పే మనస్సుకూ దూరం ఎంతో లేదు. రెండూ శ్రమను దాటవేసి ఫలితాన్ని సొంతం చేసుకోజూస్తాయి. మొదటిదాన్ని దేశాభిమానమని ముద్దుచేసి రెండోదాన్ని మూఢత్వమని ఖండిస్తే మన మాట చెల్లదు. గుంటూరు పేరు చెప్పవద్దని నేను అనడం లేదు. గుంటూరుతో పాటు మచిలీపట్నాన్నీ, వనపర్తినీ, లండన్‌నూ, ఉప్సాలానూ చెప్పమంటున్నాను. ఎవరు ఏమి చూశారో, ఏమని పొరబడ్డారో, ఎలా సరిదిద్దుకున్నారో వరసగా రాయమంటున్నాను. అభ్యుదయ రచయితలు విజ్ఞాన రచనను చేపట్టినప్పుడు పాఠకులు వారినుంచి ఇంతైనా ఆశిస్తారు.